ముగ్గురు పెద్దింట్లమ్మలు

ఆ వేళ ఆకాశం నిండా పొలుసు మబ్బు పట్టింది. వానా లేదు, ఎండా రాలేదు. గోదారి ఈ గట్టు నుంచి ఆ గట్టుదాకా ఎవరో పెద్ద బొచ్చెచేపని పక్కకి తిప్పి పడుకోబెట్టినట్టుంది. పొలుసు మబ్బు పడితే మూడోనాటికి గాలి తిరుగుతుందని పాటిమెరక ఊళ్లో అంటారు.

రేవమ్మ ఖాళీ తట్ట కడుక్కోవడానికి నీళ్లలోకి దిగబోతే కాలు జారింది. పడలేదు. పడకుండా దిగడం ఆరేళ్లుగా అలవాటు. ఆరేళ్ల కిందటి వరదకి రేవు మెట్లు కొట్టుకుపోయాక అక్కడ మిగిలింది బంకమట్టి. మగాళ్లు పడవ మీంచి నేరుగా గట్టుకి దూకేస్తారు కాబట్టి వాళ్లకి మెట్ల అవసరం తెలియదు. చేపల తట్ట నెత్తిన పెట్టుకుని ఎక్కేది ఆడవాళ్లు. పోయినేడు గట్టు మీదింటి గట్టమ్మ అక్కడే పడి మణికట్టు విరగ్గొట్టుకుంది.

"అత్తయ్యా, ఉండండి, అక్కడే ఉండండి!"

కోడలు సాయిదుర్గ ఫోను పట్టుకుని గట్టు దిగుతోంది. గ్రామ సచివాలయం గోడకి కొత్త ఓటర్ల జాబితా అంటించి వారమైందని నిన్నే తెలిసి పొద్దున్నే వెళ్లి ఫొటోలు తీసుకొచ్చింది.

"ఇందులో మీ పేరు లేదు."

"లేకపోవడమేంటే? ఉన్న పేరు ఎక్కడికి పోద్ది?"

"ముగ్గురు పెద్దింట్లమ్మల్లో ఒక్కరే మిగిలారు. మిగతా రెండు పేర్లూ కొట్టేశారు. ఒకటే పేరు పొరపాటున మూడుసార్లు పడిందనుకున్నారంట."

"మిగిలిందెవరు?"

సాయిదుర్గ ఫోను కిందికి దించింది. "ఉప్పమ్మ పెద్దత్తయ్య."

రేవమ్మ తట్ట బోర్లించి నీళ్లు ఓడ్చింది. ఇంకోసారి ఓడ్చింది. అందులో నీళ్లు ఎప్పుడో అయిపోయాయి.

ఈ పేర్ల సంగతి చెప్పాలంటే మొదటి పెద్దింట్లమ్మ దగ్గరికి వెళ్లాలి. ఆవిడ భర్త పేరు రాముడు. దేశంలో మొట్టమొదటి ఎన్నికలకి పేర్లు రాసుకోవడానికి వచ్చిన గుమస్తా ఆవిణ్ణి పేరడగలేదు. "రాముడు భార్య" అని రాసుకుని పోయాడు. అలా రాసిన ఆడవాళ్లని లెక్కలోంచి తీసేస్తున్నారని తర్వాత తెలిసింది. ఆవిడ చేపల పడవెక్కి, దిగి, నడిచి, తాలూకా కచేరీకి వెళ్లింది. "పిలిస్తే నేను పలికే పేరు అది కాదండి. పెద్దింట్లమ్మ అని రాయండి" అంది. భర్త పేరు అడిగితే మాత్రం ఆవిడ నోట రాలేదు. కూడా వచ్చిన పడవవాడి చేత చెప్పించింది.

ఆవిడకి ముగ్గురు కొడుకులు, ముగ్గురు కూతుళ్లు. ముగ్గురు కొడుకులూ తమ మొదటి మగపిల్లాడికి తండ్రి పేరు పెట్టుకున్నారు. ముగ్గురు కూతుళ్లూ తమ మొదటి ఆడపిల్లకి తల్లి పేరు పెట్టుకున్నారు. తర్వాత మేనరికాలు కలుపుకున్నారు. అలా కొల్లాటివారింట ముగ్గురు రాముళ్లకి ముగ్గురు పెద్దింట్లమ్మలు పెళ్లాలయ్యారు. ఊరు తన సౌకర్యం తాను చూసుకుంది. రేవు పక్కింటామె రేవమ్మ, గట్టు మీదింటామె గట్టమ్మ, చేపలకి ఉప్పు పట్టించి ఎండబెట్టి అమ్మే పెద్దామె ఉప్పమ్మ. పాటిమెరకలో ఎవరికీ ఎప్పుడూ ఇబ్బంది రాలేదు. ఇబ్బంది కాగితానికే వచ్చింది.

ఇంటి అరుగు మీద రేవమ్మ భర్త రాముడు వలకి పడ్డ చిరుగు కడుతున్నాడు. సంగతి విని నవ్వాడు.

"మా ముగ్గురి పేర్లూ ఉన్నాయా?"

"ఉన్నాయి మావయ్యా" అంది సాయిదుర్గ. "మీకు తండ్రి పేర్లు రాశారు కదా. మీ ముగ్గురికీ ముగ్గురు తండ్రులు. అత్తయ్యలకి భర్త పేర్లు రాశారు. అందరికీ రాముడే."

"అయితే ముగ్గురికీ కలిపి ఒక్కతే పెళ్లామన్నమాట. మరి ఇవాళ వంట ఎవరింట్లో?"

"ఎవరింట్లో అయినా నీకు మాత్రం పెట్టరు" అంది రేవమ్మ.

రాముడు తల దించుకుని ముడి వేసుకున్నాడు.

సాయిదుర్గ అప్పటికే మండలాఫీసుకి ఫోన్ చేసింది. డిప్యూటీ తహసీల్దారు రాజేంద్రగారు రెండు మాటలు చెప్పారు. అభ్యంతరాలకి ఇవాళ సాయంత్రం అయిదుతో గడువు అయిపోతుంది. ముగ్గురూ ఒకేసారి వచ్చి ఎదురుగా నిలబడాలి. ఇద్దరే వచ్చి ఇంకొకరున్నారని చెబితే తను రాయలేరు.

ఒకేసారి ముగ్గురూ అంటే ఉప్పమ్మ కూడా రావాలి. రేవమ్మకి ఉప్పమ్మతో మాటల్లేక అయిదేళ్లయింది.

అయిదేళ్ల కిందట పంచాయతీ ఎన్నికల్లో వాళ్ల వార్డు ఆడవాళ్లకి వచ్చింది. రేవు మెట్లు కట్టిస్తానని రేవమ్మ నిలబడింది. పాటిమెరకలో ఆడవాళ్లంతా ఒక మాట మీద ఉన్నారు. ఎదుటి అభ్యర్థి పక్కనున్న పెదవూరి అచ్చాయమ్మగారు. ఆవిడ సంతకం పెడుతుంది, మాట్లాడేది ఆవిడ భర్త. లెక్కపెడితే రేవమ్మ ఒక్క ఓటుతో ఓడింది. ఆ ఒక్కటి ఎవరిది? పోలింగు రోజు మధ్యాహ్నం ఉప్పమ్మ బడి దగ్గర్నుంచి తల వంచుకుని రావడం నలుగురూ చూశారు. ఎవరు పలకరించినా పలకలేదు. వేలికి సిరా ఉందో లేదో కనబడకుండా చెయ్యి కొంగులో పెట్టుకుంది. ఎదుటివాళ్లకి వేసి వచ్చింది కాబట్టే మొహం చూపించలేకపోయిందని రేవమ్మ అనుకుంది. ఒకసారి పైకే అంది. ఉప్పమ్మ అవుననలేదు, కాదనలేదు. అంతటితో రాకపోకలు ఆగిపోయాయి.

ఇప్పుడు మళ్లీ ఎన్నికలొస్తున్నాయి. వార్డు మళ్లీ ఆడవాళ్లకే అంటున్నారు. జాబితాలో పేరు లేనిదే ఓటు లేదు, నామినేషనూ లేదు.

"నాకు ఓటు కావాలి. ఎవరి గడప ఎక్కాలన్నా ఎక్కుతాను" అంది రేవమ్మ. పోయి గట్టమ్మని పిలుచుకుంది.

*

ఉప్పమ్మ వాకిట్లో తాటాకు చాపల మీద సావళ్లు ఆరబోసుంది. కార్తీకమాసం కావడంతో రైతుల ఇళ్లల్లో నీచు ముట్టరు, బేరాలు పలచన. ఆవిడ తీరిగ్గా ఒక్కొక్క చేపనీ తిరగేస్తోంది. వచ్చిన ఇద్దర్నీ చూసింది. పీట వెయ్యలేదు, పొమ్మనీ అనలేదు.

మాటల్లేనివాళ్లు పాటిమెరకలో అసలు మాట్లాడుకోరని కాదు. మధ్యలో ఒకర్ని పెట్టుకుని మాట్లాడుకుంటారు. మనిషి దొరక్కపోతే కోడయినా సరిపోతుంది.

"గట్టూ, ఆవిడకి చెప్పు. ఓట్ల జాబితాలోంచి మనిద్దరి పేర్లూ కొట్టేశారు" అంది రేవమ్మ.

ఉప్పమ్మ చేప తిరగేసింది. "నేను కొట్టేశానా అని అడుగు గట్టూ."

"కొట్టేశావని ఎవరన్నారో అడుగు."

"అయిదేళ్ల కిందట అనడానికి తిరిగిన నోరు ఇప్పుడు తిరగదేమని అడుగు."

గట్టమ్మ అటూ ఇటూ చూసి విసుక్కుంది. "నేను మనిషినా, తపాలా పెట్టెనా? అక్కా, ముగ్గురం ఒకేసారి మండలాఫీసుకి వెళ్లి కనబడాలంట. సాయంత్రందాకే టైముంది. నువ్వు రాకపోతే మా ఇద్దరి మాటా చెల్లదు."

ఉప్పమ్మ చేతులు ఆపింది. ఈసారి గట్టమ్మతోనే మాట్లాడింది, నిజంగానే.

"నా పేరు ఉంది కదే. ఉన్నదాన్ని ఉన్నట్టుండి నేను కూడా వెళ్లి నిలబడితే, వాళ్లకి ఎవరెవరో తెలీక నాదీ కొట్టేస్తే? మనం ఏం చెయ్యగలం?"

అది సాకు కాదు. రేవమ్మకి తెలుస్తోంది. ఆఫీసు మెట్లెక్కితే ఉన్నది కూడా ఊడినవాళ్లని తనూ చూసింది. ఒక కాకి చాప చివర వాలితే ముగ్గురూ ఒకేసారి "ఉష్" అన్నారు.

"కొట్టేస్తే ముగ్గురం కలిసి మళ్లీ రాయించుకుందాం" అంది రేవమ్మ. "అమ్మమ్మ ఒక్కతే వెళ్లి రాయించుకుంది. అప్పుడు రోడ్డు కూడా లేదు. మనం ముగ్గురం ఉన్నాం, ఆటో ఉంది. ఎందుకు రాయరో నేను చూస్తాను, రా."

ఆ మాట చెప్పమని గట్టమ్మతో అనడం మరిచిపోయింది. అది ఉప్పమ్మ గమనించింది. గమనించినట్టు మాత్రం కనబడనివ్వలేదు. లేచి కుండలో నీళ్లు ముంచుకుని మోచేతులదాకా కడుక్కుంది.

"ఆ సాయిదుర్గని పిలిచి కాకుల కాపలా కూర్చోమను. చీర మార్చుకుని వస్తాను. మధ్యాహ్నానికి అన్నం కూడా కట్టుకోండి, ఆఫీసు పని అంటే తెమిలేది కాదు" అని లోపలికి వెళ్లబోతూ ఆగింది. "ఆ ఆఫీసులో నాకూ చెప్పుకోవాల్సింది ఒకటుంది."

ఆటోలో గట్టమ్మ మధ్యన కూర్చుంది.

*

మండలాఫీసు వరండాలో రెండు గంటలు కూర్చున్నాక అటెండరు ఐజాక్ తలుపు దగ్గరికొచ్చి కాగితం చూసి పిలిచాడు.

"కొల్లాటి పెద్దింట్లమ్మ!"

ముగ్గురూ లేచారు.

"ఒక్కర్నే రమ్మన్నారండి."

"మీ లెక్కలో ఒక్కరమే కదండి" అని రేవమ్మ ముందు నడిచింది.

రాజేంద్రగారు నెమ్మదైన మనిషి. కళ్లద్దాలు తుడుచుకుని ముగ్గుర్నీ చూశారు, తర్వాత కంప్యూటర్ని చూశారు.

"కూర్చోండమ్మా. చూడండి, మీ పేరు ఒకటే, ఇంటిపేరు ఒకటే, భర్త పేరు ఒకటే, ఊరు ఒకటే. కార్డుల్లో ఫొటోలేమో పాతికేళ్ల కిందటివి, నలుపు తప్ప ఏం కనబట్టం లేదు. ఇంటి నంబర్లు వేరుగా ఉంటే ఇల్లు మారారనుకోక, ఈ కంప్యూటర్ ఇంకేమనుకుంటుంది చెప్పండి?"

"దాన్నేమీ అనటం లేదండి. మా ఇళ్లల్లో మగాళ్ల పేర్లు ఒక్కసారి తియ్యండి."

ఆయన తీశారు. కొల్లాటి రాముడు, తండ్రి అప్పాజీ. కొల్లాటి రాముడు, తండ్రి గంగరాజు. కొల్లాటి రాముడు, తండ్రి సత్తిరాజు.

"ముగ్గురూ ఉన్నారాండి?"

"ఉన్నారమ్మా."

"ముగ్గురు మగాళ్లకి కలిపి ఒక్కతే పెళ్లామని గవర్నమెంటే రాసి గోడకి అంటిస్తే, మేము ఊళ్లో తలెలా ఎత్తుకు తిరగాలండి?"

తలుపు దగ్గర ఐజాక్ నవ్వాపుకోలేక దగ్గాడు. రాజేంద్రగారు కూడా నవ్వారు. నవ్వి, ఆ నవ్వు తనకే బాగోలేనట్టు ఫారాలు బయటికి తీశారు.

"నిజమేనమ్మా. మనిషిని చూడకుండా కొట్టెయ్యకూడదు. మళ్లీ చేరుస్తాను. కానీ పేర్లన్నీ ఒకటిగా ఉంటే పోలింగు రోజు కూడా గందరగోళమే కదా?"

"అయిందండి" అంది ఉప్పమ్మ.

అంతవరకూ నోరు విప్పని మనిషి. అందరూ అటు తిరిగారు.

"పోయిన పంచాయతీ ఎన్నికల్లో అయిందండి. నేను చేపల బేరం ముగించుకుని పన్నెండింటికి వెళ్లాను. బల్ల దగ్గరాయన నా పేరు చూసి, నీ ఓటు పడిపోయింది, పొద్దున్నే వేసేశారు, పొమ్మన్నారు. నా వేలికి సిరా లేదండీ అని చూపించాను. లైన్లో వాళ్లు వెనక నుంచి తోస్తున్నారు. వచ్చేశాను."

"ఎవరు వేశారో కనుక్కోలేదా?"

ఉప్పమ్మ టేబులు మీదున్న పేపరు వెయిట్ వైపు చూసింది. "లేదండి."

రేవమ్మ చేతిలో కార్డు పట్టుకుని అలాగే ఉండిపోయింది. ఆ రోజు ఆవిడ కళ్ల ముందుకొచ్చింది. పోటీలో ఉన్న మనిషి కాబట్టి అందరికంటే ముందు, ఏడు కొట్టకుండానే వరసలో మొదట నిలబడింది. బల్ల దగ్గరాయన జాబితా మీద వేలు పెట్టి "కొల్లాటి పెద్దింట్లమ్మ, భర్త రాముడు..." అని ఇంటి నంబరు చదవబోతున్నాడు. ఆయన పూర్తి చెయ్యకుండానే "నేనేనండి" అంది. ఆయన గీత కొట్టాడు. ఇంటి నంబర్ల వరసలో మొదటొచ్చేది ఉప్పమ్మ ఇల్లు. తనది ఆ కింద ఆరిళ్ల తర్వాత. తన పేరు ఆ రోజంతా గీత పడకుండానే ఉండుంటుంది.

ఒక్క ఓటు.

గట్టమ్మకి ఇదేమీ తెలియదు. ఆవిడ అయిదో తరగతి దాకా చదివింది, ఫారం చేతికొస్తే ఊరుకోదు. వేలుతో ఒక్కొక్క గడీ చదువుకుంటూ పోతోంది.

"ఏమండీ, ఇక్కడ భర్త పేరు గాని, తండ్రి పేరు గాని, తల్లి పేరు గాని అనుంది. తల్లి పేరు రాసుకోవచ్చాండి?"

"రాసుకోవచ్చమ్మా. ఎవరూ రాయరు గాని, రాసుకోవచ్చు."

"అయితే అదే రాయండి. మా ముగ్గురికీ మొగుళ్ల పేర్లు ఒకటే గాని తల్లులు వేరు. ముగ్గురు అప్పచెల్లెళ్లు."

రాజేంద్రగారు కలం ఆపి ఆవిడ వైపు చూశారు. ఇంత సులువైన సంగతి తనకెందుకు తట్టలేదా అని ఆయన మొహంలో ఉంది. తర్వాత ఒక్కొక్కర్నీ వరసగా అడిగారు. ఉప్పమ్మ "సోమాలమ్మండి" అంది. గట్టమ్మ "మంగాయమ్మ" అని చెప్పి, ఆయన రాసే అక్షరాలు సరిగ్గా ఉన్నాయో లేదో తొంగి చూసింది.

"మీ అమ్మగారి పేరమ్మా?"

రేవమ్మ తేరుకుంది. అమ్మ పోయి పద్దెనిమిదేళ్లు. తట్ట మోసీ మోసీ నడినెత్తిన జుట్టు రాలిపోయిన మనిషి. ఏ ఆఫీసులోనూ ఆవిడ పేరు ఎవరూ అడగ్గా రేవమ్మ వినలేదు.

"పోలేరమ్మ" అంది. గొంతు కొంచెం గట్టిగానే వచ్చింది. "పో, లే, రమ్మ. తప్పు పడకుండా రాయండి."

రాశారు. ముగ్గురికీ మూడు రసీదులిచ్చారు. తుది జాబితాలో ముగ్గురూ వేరువేరుగా వస్తారని, రాకపోతే తన పేరు చెప్పి అడగమని అన్నారు.

"రాకపోతే మళ్లీ వస్తామండి" అంది రేవమ్మ. "ఈసారి ఊళ్లో ఆడవాళ్లందరం వస్తాం. ఆ వరండా చాలదు."

"వద్దులెండమ్మా, వస్తాయి" అన్నారు రాజేంద్రగారు. ఆ మాట మాత్రం నవ్వకుండా అన్నారు.

*

రెండు దాటింది. పొలుసు మబ్బు విడిపోయి ఎండొచ్చింది. ఆఫీసు వెనక పంటకాలవ గట్టు మీద సిమెంటు దిమ్మ ఒకటుంటే ముగ్గురూ అక్కడికి వెళ్లారు. గట్టమ్మ కాళ్లు కడుక్కోవడానికి కాలవలోకి దిగింది. దిగడానికి అక్కడ మెట్లున్నాయి.

రేవమ్మ నిలబడే ఉంది.

"అక్కా, ఆ రోజు నీ ఓటు వేసింది నేనే."

"తెలుసు" అంది ఉప్పమ్మ, మూట విప్పుతూ.

"తెలుసా?"

"పొద్దున్నే వేసేశారన్నాడు కదా. పొద్దున్నే మొదట వెళ్లింది నువ్వు. ఆ మాత్రం తెలీదా?"

"మరి అక్కడే ఎందుకు చెప్పలేదు?"

"బల్ల పక్కనే పెదవూరి ఏజెంటు కూర్చున్నాడు. నా ఓటు ఎవరు వేశారని నేను గోల పెడితే వాడు ఊరుకుంటాడా? పోటీలో ఉన్నావిడే దొంగ ఓటు వేసిందని కాగితం పెట్టేవాడు. నోరు మూసుకుని వచ్చేశాను."

"నాకైనా చెప్పొచ్చు కదక్కా."

"ఎప్పుడు చెప్పను? ఒక్క ఓటుతో పోయిందని నువ్వు ఏడుస్తుంటే, అది నీ చేతులారా పోగొట్టుకున్నదేనని ఆ రోజు చెప్పనా? రెండ్రోజులు పోయాక చెబుదామనుకున్నాను. ఈలోపు నువ్వు మాట్లాడ్డం మానేశావు. మధ్యలో గట్టుని పెట్టుకుని చెప్పే మాటా అది?"

ఉప్పమ్మ పక్కకి జరిగి దిమ్మ మీద చోటిచ్చింది.

"కూర్చో. ఈసారి నామినేషన్ నువ్వే వెయ్యాలి. పోలింగు రోజు బల్ల దగ్గర మాత్రం ఇంటి నంబరు పూర్తిగా చదివేదాకా నోరు తెరవకు."

గట్టమ్మ తడికాళ్లతో ఎక్కి వచ్చింది. ఇద్దరి మధ్యలో కూర్చోవడం అలవాటు కాబట్టి చోటు కోసం చూసింది. మధ్యలో చోటు లేదు. ఏమైందని అడగబోయి, ఇద్దరి మొహాలూ చూసి, చివర కూర్చుంది.

రేవమ్మ క్యారేజీలో అన్నం, గట్టమ్మ డబ్బాలో గోంగూర, ఉప్పమ్మ మూటలో సావళ్ల వేపుడు. మూడూ మధ్యన పెట్టారు. విస్తరాకులు లేవు. క్యారేజీ మూతలోనూ గిన్నెల్లోనూ సర్దుకున్నారు. ఉప్పమ్మ వేపుడులోంచి ఒక ముక్క తీసి, ముల్లు విరిచి పారేసి, రేవమ్మ అన్నం అంచున పెట్టింది. రేవమ్మ గోంగూర అందుకుని సగం ఉప్పమ్మ గిన్నెలో వేసింది. గట్టమ్మ తన రసీదు తడవకుండా జాకెట్లో దోపుకుని, ముద్ద కలుపుకుంది.

కాలవలో నీళ్లు కిందికి పోతున్నాయి. ముగ్గురూ తల వంచుకుని తిన్నారు.